నాటకకర్త బతుకు తెరకెక్కితే: షేక్‌స్పియర్ నుంచి ఓరుగల్లు దాకా

2017 జూలైలో అమెరికాలోని టీఎన్‌టీ చానల్ ‘విల్’ అనే సిరీస్ మొదలుపెట్టింది. మొత్తం పది ఎపిసోడ్లు. 1589లో ఇరవై అయిదేళ్ల విలియం షేక్‌స్పియర్ పెళ్లాం పిల్లల్ని సొంతూరు స్ట్రాట్‌ఫర్డ్‌లో వదిలి, నాటకాలు రాసి బతుకుతానని లండన్ బయలుదేరడం దగ్గర కథ ఎత్తుకుంటుంది. సృష్టికర్త క్రెయిగ్ పియర్స్. మొదటి ఎపిసోడ్ దర్శకుడు మన శేఖర్ కపూర్. నాలుగు వందల ఏళ్ల కిందటి లండన్ వీధుల్లో పంక్ రాక్ పాటలు మోగుతుంటాయి. నాటకశాలలో జనం రాక్ కచేరీకి వచ్చినట్టు ఊగిపోతుంటారు. తాగుడు దుకాణంలో రాబర్ట్ గ్రీన్ అనే పేరుమోసిన రచయిత మీద కుర్ర షేక్‌స్పియర్ ఆశువుగా పద్యాల పోటీకి దిగుతాడు. ఒక్క సీజన్ నడిచింది. ఆ సెప్టెంబర్‌లోనే ఇక రెండోది లేదని చానల్ చెప్పేసింది.

ఇట్లాంటి సిరీస్ చూసినవాళ్లు అడిగే మొదటి ప్రశ్న “ఇదంతా నిజంగా జరిగిందా?” అని. హన్మకొండలో ఇంగ్లిష్ సాహిత్యం చదివే పిల్లలూ అదే అడుగుతారు, స్ట్రాట్‌ఫర్డ్‌కు బస్సుల్లో దిగే యాత్రికులూ అదే అడుగుతారు. అవును, కాదు అని ఒక్క ముక్కలో తేలే ప్రశ్న కాదిది. షేక్‌స్పియర్ జీవితం పేరుతో మన ముందుకొచ్చే ప్రతి కథలో మూడు రకాల సరుకు కలిసి ఉంటుంది: కోర్టులు, చర్చిలు దాచిన కాగితాలు, ఆయన పోయిన తర్వాత యాభై, వంద ఏళ్లకు పుట్టిన ముచ్చట్లు, ఆయన నాటకాల్లోని సన్నివేశాలను వెనక్కి తిప్పి ఆయన బతుకులో జరిగినట్టు చెప్పేవి. మొదటి రకం తక్కువ, రెండోది రంజుగా ఉంటుంది, మూడోదే తెరను ఏలుతుంది.

కాగితాలు తక్కువ అన్నాను గానీ, ఆ కాలపు మామూలు మనిషికి ఉండేవాటితో పోలిస్తే అవి చాలానే. 1564 ఏప్రిల్ 26న బాప్తిజం జరిగినట్టు స్ట్రాట్‌ఫర్డ్ చర్చి రిజిస్టర్‌లో ఉంది. 1582 నవంబర్‌లో పెళ్లికి అనుమతి తీసుకున్నారు. వరుడికి పద్దెనిమిది, వధువు ఆన్ హాథవేకు ఇరవై ఆరు. మరుసటి మే నెలలో పెద్ద కూతురు సుసానాకు బాప్తిజం జరిగింది, అంటే పెళ్లికి తొందర ఎందుకొచ్చిందో వేళ్ల మీద లెక్కపెట్టుకోవచ్చు. 1585 ఫిబ్రవరి 2న కవలలు హామ్నెట్, జూడిత్‌ల బాప్తిజం. ఆ తర్వాత, 1588-89లో ఒక ఆస్తి దావాలో తల్లిదండ్రుల పేర్ల పక్కన ఆయన పేరు రావడం మినహా, 1592 దాకా ఏమీ దొరకదు. సిరీస్ 1589ని ఎంచుకోవడం వెనక కిటుకు ఇదే. పండితులు ‘పోయిన ఏళ్లు’ అని పిలిచే ఆ ఖాళీలో ఏం పెట్టినా కాదని చూపే కాగితం లేదు.

1592లో మళ్లీ కనిపించేది ఒక తిట్టులో. రాబర్ట్ గ్రీన్ చనిపోయాక అతని పేరిట అచ్చయిన చిన్న పుస్తకంలో, మా ఈకలు పెట్టుకుని మెరిసే కొత్త కాకి ఒకటి వచ్చిందనీ, తానొక్కడే దేశంలో నాటకరంగాన్ని దడదడలాడిస్తానని అనుకుంటోందనీ ఒక ఎత్తిపొడుపు ఉంది. షేక్‌స్పియర్ పేరును విరిచి వెక్కిరించారు, ‘ఆరవ హెన్రీ’ నాటకంలోని పంక్తినొకదాన్ని మార్చి హేళన చేశారు. అంటే అప్పటికే నటుడిగా, రచయితగా పేరొచ్చిందని తెలుస్తుంది. ఆ తిట్టు నిజంగా గ్రీన్ రాసిందేనా, దాన్ని అచ్చుకిచ్చిన హెన్రీ చెటిల్ రాసి చచ్చినవాడి నెత్తిన పెట్టాడా అన్న అనుమానం పండితులకు ఇంకా ఉంది. సిరీస్‌లోని పద్యాల పోటీకి మూలం ఈ ఒక్క తిట్టే. ఇద్దరూ ఎదురెదురుగా నిలబడి పద్యం చెప్పుకున్నారనడానికి ఆధారం లేదు. అయినా ఆ కల్పన నాకు నచ్చింది. కాగితం మీది కసిని మనుషుల మధ్య కసిగా చూపడమే కదా నాటకం పని.

నన్ను బాగా పట్టి ఉంచిన కాగితం మాత్రం వేరే ఉంది. సిరీస్ కాలం 1589 కాబట్టి అది అందులోకి రాదు. లండన్‌లో సిల్వర్ స్ట్రీట్‌లో ఆడవాళ్ల తలకట్లు తయారుచేసే క్రిస్టఫర్ మౌంట్‌జాయ్ అనే ఫ్రెంచి వలసదారు ఇంట్లో షేక్‌స్పియర్ 1604 ప్రాంతంలో అద్దెకుండేవాడు. ఆ ఇంటి కూతురికీ, అక్కడ పని నేర్చుకున్న స్టీఫెన్ బెలట్‌కూ పెళ్లి కుదర్చమని ఇంటావిడ అడిగితే, ఈయన మధ్యలో ఉండి కుర్రాణ్ని ఒప్పించాడు. మామ ఇస్తానన్న కట్నం ఇవ్వలేదు. అల్లుడు దావా వేశాడు. 1612లో మన నాటకకర్త పెళ్లిపెద్ద హోదాలో సాక్ష్యం చెప్పాడు. కుర్రాడు మంచివాడే, కట్నం మాట వచ్చిన సంగతి నిజమే, ఎంత అన్నారో గుర్తులేదు అన్నాడు. ఆ వాంగ్మూలం కింద సంతకం ఉంది. 1909లో చార్లెస్ వాలస్, హుల్డా వాలస్ అనే దంపతులు ప్రభుత్వ దస్తావేజుల గుట్టలు తిరగేస్తూ దాన్ని పట్టుకున్నారు. షేక్‌స్పియర్ నోటి నుంచి వచ్చిన మాటలు రికార్డయిన చోటు అదొక్కటే. అందులో కవిత్వం లేదు, ప్రేమ లేదు. కట్నం పంచాయితీలో ఇరుక్కున్న పెద్దమనిషి తప్పించుకునే తీరు మాత్రం ఉంది. వరంగల్ కోర్టులో ఏ వాయిదా రోజున వెళ్లినా అట్లాంటి సాక్షి ఒకడు దొరుకుతాడు.

ముచ్చట్లు ఎట్లా పుడతాయి

షేక్‌స్పియర్ 1616 ఏప్రిల్ 23న పోయాడు. ఆయన జీవితం గురించి మొదటి ఓ మోస్తరు కథనం నికొలస్ రో రాసింది 1709లో, అంటే 93 ఏళ్ల తర్వాత. ఆ ప్రాంతపు జమీందారు సర్ థామస్ లూసీ అడవిలో జింకల్ని దొంగతనంగా వేటాడి, దొరికిపోయి, ఊరు విడిచి పారిపోయాడన్న కథ అప్పుడే స్థిరపడింది. నాటకశాల బయట పెద్దమనుషుల గుర్రాలు పట్టుకుని నిలబడేవాడన్న కథ ఇంకా తర్వాతిది. పల్లెలో బడిపంతులుగా ఉండేవాడన్నది జాన్ ఆబ్రీ పదిహేడో శతాబ్దంలో ఒక నటుడి కొడుకు నుంచి విని రాసుకున్న మాట. దీనికి కొంచెం విలువ ఉంది, చెప్పినవాడి తండ్రి షేక్‌స్పియర్ బృందంలో పనిచేసినవాడు కాబట్టి.

ఈ రకం సరుకు మనకు కొత్తేం కాదు. జనగామ జిల్లా పాలకుర్తి దగ్గరి బమ్మెరకు వెళ్తే పోతన దున్నిన పొలం చూపిస్తారు. ‘బాలరసాలసాల’ అంటూ పోతన పేరిట చెప్పుకునే పద్యంలో, కావ్యాన్ని రాజులకు అమ్ముకుని తినేకన్నా హాలికులైనా ఫరవాలేదన్న మాట ఉంది. ఆ ఒక్క మాట నుంచి నాగలి పట్టిన పోతన పుట్టాడు. ‘ఇమ్మనుజేశ్వరాధముల’ అనే పద్యం నుంచి భాగవతం తనకే అంకితమివ్వాలని పట్టుబట్టిన సర్వజ్ఞ సింగభూపాలుడి కథ, గ్రంథాన్ని పాతిపెట్టించిన కథ పుట్టాయి. ‘అల వైకుంఠపురంబులో’ పద్యం దగ్గర కలం ఆగిపోతే రాముడే వచ్చి పూర్తిచేశాడన్నారు. సరస్వతి కళ్లనీళ్లు పెట్టుకోవడం, శ్రీనాథుడు పల్లకీలో రావడం, అన్నీ పద్యం నుంచి మొలిచిన సన్నివేశాలే. అవన్నీ కలిపి సినిమా తీస్తే నాగయ్య పోతనగా నిలిచిపోయాడు. జనానికి ఈనాటికీ గుర్తున్న పోతన ఆ పోతనే.

ఓరుగల్లు వాళ్లం పోతన మావాడంటే, కడప జిల్లా ఒంటిమిట్ట వాళ్లు తమవాడంటారు. పోతన ఊరుగా చెప్పుకునే ఏకశిలానగరం ఏ ఊరన్నదాని మీద తరాలుగా తగవు నడుస్తోంది. నేను ఈ పక్కవాణ్ని కాబట్టి నా ఓటు ఎటో చెప్పనక్కర్లేదు. ఇక్కడ పనికొచ్చే సంగతి వేరు. పద్యం ముందు, జీవితం తర్వాత. కవి ఇట్లా బతికాడు కాబట్టి ఇట్లా రాశాడని మనం అనుకుంటాం. చాలాసార్లు కవి ఇట్లా రాశాడు కాబట్టి ఇట్లా బతికి ఉంటాడని జనం కట్టుకున్నదే మనకు జీవితచరిత్రగా అందుతుంది.

నాటకాన్ని వెనక్కి తిప్పితే

మూడో రకానికి అందరికీ తెలిసిన ఉదాహరణ కొడుకు చావు. హామ్నెట్ పదకొండేళ్లకు పోయాడు. 1596 ఆగస్టు 11న ఖననమైనట్టు రిజిస్టర్‌లో ఉంది. నాలుగైదేళ్లకు ‘హామ్లెట్’ నాటకం వచ్చింది. పేర్లు రెండూ దాదాపు ఒకటే. పుత్రశోకంతో రాశాడని చెబితే ఎవరి గుండె కరగదు? అయితే డెన్మార్క్ యువరాజు కథ షేక్‌స్పియర్‌కు వందల ఏళ్ల ముందే లాటిన్ చరిత్రలో ఉంది. హామ్లెట్ పేరుతో ఒక పాత నాటకం లండన్‌లో ఆడుతోందని 1589 నాటి అచ్చు పుస్తకమే చెబుతోంది. 1594 జూన్‌లో దాన్ని ఆడించి డబ్బు వసూలు చేసిన లెక్క కూడా ఉంది. అప్పటికి పిల్లవాడు బతికే ఉన్నాడు. పిల్లలకు ఆ పేర్లు పెట్టింది పొరుగింటి స్నేహితులు హామ్నెట్ సాడ్లర్, జూడిత్ సాడ్లర్ దంపతుల పేర్ల మీద. తండ్రికి దుఃఖం లేదని దీని అర్థం కాదు. ఆ దుఃఖం ఈ నాటకంలోకి ఏ దారిన వచ్చిందో, అసలు వచ్చిందో లేదో మన చేతిలోని కాగితాలు చెప్పవు.

వీలునామాలోని మంచం ముచ్చట కూడా ఇంతే. 1616 మార్చి 25 తేదీతో ఉన్న వీలునామాలో భార్యకు ‘రెండో మంచి మంచం’ ఇస్తున్నట్టు పంక్తుల మధ్య ఇరికించి రాశారు. ఆస్తిలో పెద్ద వాటా సుసానాకు పోయింది. దీన్నిబట్టి భార్యాభర్తలకు పడేది కాదని ఎన్ని కథలల్లారో. మంచి మంచం అతిథులకు వాడేవాళ్లనీ, దంపతులు పడుకునేది రెండోదనీ, చట్టం ప్రకారం విధవకు రావలసిన భాగం రాయకపోయినా వస్తుందనీ మరికొందరు వాదించారు. రెండు వైపులా పట్టు ఉంది. ‘విల్’ మొదటి దారి పట్టింది. భార్యతో ఎడం చూపించి, నాటకశాల యజమాని జేమ్స్ బర్బేజ్ కూతురు ఆలిస్‌తో ప్రేమ నడిపించింది. ఆ ప్రేమకు ఏ కాగితమూ లేదు. ‘రోమియో అండ్ జూలియట్’ రాసినవాడు ప్రేమలో పడకుండా ఎట్లా రాస్తాడన్న నమ్మకమే దాని ఆధారం.

షేక్‌స్పియర్ నాటకాలు షేక్‌స్పియర్ రాయలేదు, ఎవరో ప్రభువు రాశాడన్న వాదం కూడా ఈ నమ్మకం కొమ్మే. చేతితొడుగులు కుట్టి అమ్మేవాడి కొడుక్కి రాజసభల సంగతులు ఎట్లా తెలుస్తాయని వాళ్ల ప్రశ్న. చూసిందే రాస్తారనుకుంటే ఆ ప్రశ్న వస్తుంది. ఆయన బతికున్నంతకాలం, పోయిన రెండు వందల ఏళ్ల దాకా, ఎవరికీ ఆ అనుమానం రాలేదు. 1623లో ఆయన నాటకాలు 36 ఒక్క సంపుటంగా అచ్చువేసింది తోటి నటులు హెమింజ్, కాండెల్. ఏళ్ల తరబడి ఒకే వేదిక మీద మసలినవాళ్ల మాటకన్నా గట్టి సాక్ష్యం ఏముంటుంది? నా మట్టుకు ఆ తగవు అక్కడితో ముగిసింది.

రహస్య మతం: సిరీస్ పెట్టిన పెద్ద పందెం

‘విల్’ కథకు వెన్నెముక ప్రేమ కాదు, మతం. ఎలిజబెత్ రాణి కాలంలో ఇంగ్లాండ్‌లో క్యాథలిక్ మతగురువుగా తిరగడం ప్రాణం మీదికి తెచ్చుకునే పని. సిరీస్‌లో షేక్‌స్పియర్ లోలోపల క్యాథలిక్. రహస్యంగా తిరిగే జెస్యూట్ (ఒక క్యాథలిక్ సంఘం) గురువు రాబర్ట్ సౌత్‌వెల్‌తో అతనికి సంబంధం. వాళ్లను వేటాడేవాడు రిచర్డ్ టాప్‌క్లిఫ్. ఇక్కడే చూసేవాళ్లు బాగా తికమకపడతారు. మనుషులు నిజం, హింస నిజం, షేక్‌స్పియర్‌తో వాళ్లకు పెట్టిన ముడి మాత్రం ఊహ.

టాప్‌క్లిఫ్ నిజంగానే ఉన్నాడు, సొంత ఇంట్లో చిత్రహింసలు పెట్టడానికి అనుమతి తెచ్చుకున్నవాడు. సౌత్‌వెల్ మంచి కవి. 1592లో టాప్‌క్లిఫ్‌కు చిక్కాడు, చిత్రహింసలు పడ్డాడు, 1595 ఫిబ్రవరిలో ఉరితీశారు. తెర మీది రక్తం చూసి ఇంత ఘోరమా అని కళ్లు మూసుకునేవాళ్లకు చెప్పవలసింది ఏమిటంటే, ఆ భాగంలో సిరీస్ పెద్దగా పెంచి చూపిందేమీ లేదు.

షేక్‌స్పియర్ కుటుంబం సంగతికి వస్తే ఆధారాలు ఒకదాన్నొకటి కొట్టుకుంటాయి. 1592లో ప్రభుత్వ ప్రొటెస్టంట్ చర్చికి రానివాళ్ల జాబితాలో తండ్రి జాన్ పేరు ఉంది. అయితే పక్కనే కారణం కూడా రాశారు, అప్పులవాళ్లు పట్టుకుంటారని భయమట. 1757లో స్ట్రాట్‌ఫర్డ్‌లో ఆ కుటుంబం ఉండిన హెన్లీ స్ట్రీట్ ఇంటి పైకప్పు బాగుచేస్తున్న పనివాళ్లకు ఒక క్యాథలిక్ విశ్వాస పత్రం దొరికింది. ‘జె. షేక్‌స్పియర్’ది కాబట్టి జాన్‌దే అన్నారు. అసలు ప్రతి పోయింది, నకలు మిగిలింది. 2024లో మాథ్యూ స్టెగిల్ అనే పరిశోధకుడు ఆ పత్రం మూలగ్రంథం కాలాన్ని లెక్కగట్టి, అది జాన్ పోయిన తర్వాతిదనీ, షేక్‌స్పియర్ చెల్లెలు జోన్‌దై ఉండాలనీ చూపించాడు. ‘విల్’ వచ్చేనాటికి ఈ సంగతి లేదు. లాంకషైర్‌లో 1581 నాటి ఒక క్యాథలిక్ జమీందారు వీలునామాలో ‘విలియం షేక్‌షాఫ్ట్’ అనే పేరుంటే అది మనవాడేనన్నవాళ్లూ ఉన్నారు. ఆ ప్రాంతంలో ఆ ఇంటిపేరు వాళ్లు బోలెడుమంది. తండ్రి తరంలో పాత మతం మీద మమకారం ఉండి ఉండవచ్చు. కొడుకు ప్రాణాలకు తెగించి రహస్య ఉత్తరాలు మోశాడనడానికి మాత్రం ఒక్క ఆధారమూ లేదు.

ఆ కాలపు మరో పేరున్న నాటకకర్త క్రిస్టఫర్ మార్లో విషయంలో సిరీస్ కాస్త గట్టి నేల మీద నిలబడింది. అతను ప్రభుత్వానికి గూఢచారి పని చేశాడన్నది ఉత్త పుకారు కాదు. 1587లో కేంబ్రిడ్జి వాళ్లు డిగ్రీ ఆపబోతే, ఇతను రాణికి మంచి సేవ చేశాడని మంత్రిమండలి లేఖ పంపింది. 1593 మే 30న డెప్ట్‌ఫర్డ్‌లో ఇంగ్రమ్ ఫ్రైజర్ కత్తిపోటుకు చనిపోయాడు. తిన్న, తాగిన ఖర్చు దగ్గర గొడవ అని విచారణ నివేదిక చెబుతుంది. ఆ నివేదికను లెస్లీ హాట్సన్ 1925లో వెలికితీశాడు. గదిలో ఉన్న ముగ్గురూ గూఢచార లోకపు మనుషులో మోసగాళ్లో కావడంతో ఆ కారణాన్ని నమ్మేవాళ్లు తక్కువ. ఈ మనిషికి కల్పన చేర్చనక్కర్లేదు, ఉన్నది ఉన్నట్టు తీసినా సరిపోతుంది.

తెర మీదికి రానిది

కల్పించినందుకు నాకు సిరీస్ మీద కోపం లేదు. షేక్‌స్పియర్ మాత్రం ఏం చేశాడు? అతని నాటకంలో మూడో రిచర్డ్ గూనివాడు, చెయ్యి చచ్చుబడ్డవాడు, రాక్షసుడు. 2012లో లెస్టర్‌లో కార్ల పార్కింగ్ కింద ఆ రాజు అస్థిపంజరం దొరికింది. వెన్ను పక్కకు వంగి ఉంది, చెయ్యి బాగానే ఉంది. నాటకం పోయిందా? పోలేదు. నా తగవు ఇంకోచోట. ఇట్లాంటి సిరీస్‌లన్నీ రచయితను చూసి రాసేవాడిగా మార్చేస్తాయి. వీధిలో ఎవరో అన్న మాట చెవిన పడుతుంది, రాత్రికి అది నాటకంలో పంక్తి అవుతుంది. ప్రేమలో పడతాడు, ప్రేమ నాటకం వస్తుంది. ఇందులో పని ఎక్కడుంది?

ఆ పని ఎట్లా నడిచేదో మనకు బాగానే తెలుసు. రోజ్ నాటకశాల యజమాని ఫిలిప్ హెన్స్‌లో లెక్కల పుస్తకం ఈనాటికీ ఉంది. వారానికి ఆరు రోజులు ఆట, దాదాపు రోజుకో వేరే నాటకం. నిన్న ఆడింది ఇవాళ ఆడరు. 1592 మార్చి 3న ‘ఆరవ హెన్రీ’ ఆడితే తన వాటాకు 3 పౌండ్ల 16 షిల్లింగుల 8 పెన్నీలు వచ్చినట్టు రాసుకున్నాడు. జనం రాని నాటకం రెండు మూడు ఆటలకే మూలకు చేరేది. కొత్త నాటకానికి రచయితకు ఇచ్చేది ఆరు పౌండ్ల చుట్టుపక్కల. డబ్బు చేతికందాక ఆ రాతప్రతి బృందానిది, రచయితకు హక్కు లేదు. షేక్‌స్పియర్ ఊళ్లో పెద్ద ఇల్లు కొన్నది నటబృందంలో వాటాదారు కావడం వల్ల. 1599లో కట్టిన గ్లోబ్ నాటకశాలలో అతనికి పదో వంతు. ఆ గ్లోబ్ కథ కూడా సినిమాకు తక్కువేం కాదు. స్థలం యజమానితో కౌలు తగవు ముదిరితే, 1598 డిసెంబర్ చివర్లో పాత నాటకశాల దూలాలన్నీ ఊడదీసి, థేమ్స్ నది అవతలికి మోసి, వాటితోనే కొత్తది లేపారు.

నటులకు నాటకం మొత్తం చేతికిచ్చేవాళ్లు కాదు. ఎవరి మాటలు వాళ్లకు, ముందు మాట్లాడేవాడి చివరి రెండు మూడు పదాలతో కలిపి, పొడవాటి చుట్టగా రాసిచ్చేవాళ్లు. ఎడ్వర్డ్ ఆలిన్ అనే మేటి నటుడి చుట్ట ఒకటి డల్విచ్ కాలేజీలో భద్రంగా ఉంది. ఎదుటివాడు ఎంతసేపు మాట్లాడతాడో, ఏం మాట్లాడతాడో వేదిక మీద చూడాల్సిందే. ‘మచ్ అడో అబౌట్ నథింగ్’ 1600 నాటి అచ్చు ప్రతిలో ఒకచోట పాత్ర పేరు డాగ్‌బెర్రీ అని ఉండవలసిన చోట ‘కెంప్’ అని ఉంది. విల్ కెంప్ అంటే ఆ బృందంలోని హాస్యనటుడు. రాసేటప్పుడు షేక్‌స్పియర్ కళ్ల ముందు నిలిచింది పాత్ర కాదు, దాన్ని కట్టబోయే మనిషి. కెంప్ బృందం విడిచి వెళ్లాడు, రాబర్ట్ ఆర్మిన్ వచ్చాడు. పాడగలిగినవాడు, చురుకైనవాడు. అక్కడి నుంచి షేక్‌స్పియర్ విదూషకుల తీరే మారిపోయింది. ‘లియర్ రాజు’లోని విదూషకుడు ఆర్మిన్ లేకపోతే అట్లా ఉండేవాడు కాదు. ఒక నటుడు అలిగి వెళ్లిపోవడం, ఇంకొకడు రావడం, దాంతో రచయిత చెయ్యి తిరగడం: దీన్ని ఎపిసోడ్‌గా తీయడానికి ఏం తక్కువ?

తెలంగాణలో భాగోతాలు చూస్తూ పెరిగినవాళ్లకు ఇదంతా విడమరిచి చెప్పనక్కర్లేదు. చిందు మేళంలో వేషం మనిషిని వెతుక్కుంటుంది. ఎవరి గొంతు దేనికి పనికొస్తుందో, ఎవరు గంటసేపు గంతెయ్యగలరో బట్టి ఆట మారుతుంది. ఇల్లంతా కలిసి ఆడుతుంది, నేర్చుకోవడమంతా నోటి మీద. జనగామ జిల్లాకు చెందిన గడ్డం సమ్మయ్యకు 2024లో పద్మశ్రీ వచ్చినప్పుడు పేపర్లు ఆయన కష్టాల్ని రాశాయి గానీ, ఒక వేషం ఎట్లా తయారవుతుందో రాసినవి తక్కువ. ఒక తేడా మాత్రం ఉంది. షేక్‌స్పియర్ లండన్‌లో ఆడవేషాలు మీసాలు రాని కుర్రాళ్లవి. చిందులో ఆడవాళ్లూ గజ్జె కడతారు. నిజామాబాద్ వైపు చిందుల ఎల్లమ్మ పేరు తెలియనివాళ్లు ఉండరు.

ఇక కలిసి రాయడం. సిరీస్ మార్లోను పోటీదారుగా చూపుతుంది. 2016లో వచ్చిన న్యూ ఆక్స్‌ఫర్డ్ షేక్‌స్పియర్ సంపుటాలు ‘ఆరవ హెన్రీ’ మూడు భాగాల మీదా మార్లో పేరును సహరచయితగా వేశాయి. పదాల వాడకాన్ని కంప్యూటర్‌తో లెక్కగట్టి ఆ నిర్ణయానికి వచ్చారు, ఒప్పుకోనివాళ్లూ ఉన్నారు. చివరి నాటకాల్లో జాన్ ఫ్లెచర్ చెయ్యి ఉందన్నదానికి పెద్దగా పేచీ లేదు. ‘సర్ థామస్ మోర్’ అనే నాటకం రాతప్రతిలో అయిదారుగురి దస్తూరీలు ఉన్నాయి. వలస వచ్చిన పరదేశుల మీదికి ఎగబడ్డ గుంపుకు మోర్ బుద్ధి చెప్పే మూడు పేజీలు షేక్‌స్పియర్ సొంత దస్తూరీ అని చాలామంది నమ్ముతారు. కొట్టివేతలు, దిద్దుబాట్లు కనిపిస్తాయి. అదే ప్రతి మీద ప్రభుత్వ పరిశీలకుడు ఎడ్మండ్ టిల్నీ తిరుగుబాటు సన్నివేశమంతా తీసెయ్యమని రాశాడు. భాగవతంలో అయిదో స్కంధం గంగన, ఆరోది సింగన, చివరి రెండూ నారయ రాశారని చదువుకుని, అయినా దాన్ని పోతన భాగవతమనే పిలుచుకునే మనకు దీంట్లో వింతేముంది?

ఓరుగల్లు నాటకకర్తల మీద తీస్తే

తెలుగులో ఇట్లాంటిది ఎవరైనా తీస్తారా అని ఒక్కోసారి అనిపిస్తుంది. ఓరుగల్లుకు నాటకంతో పాత చుట్టరికమే ఉంది. ప్రతాపరుద్రుడి కొలువులోని విద్యానాథుడు ‘ప్రతాపరుద్ర యశోభూషణం’ అనే సంస్కృత అలంకారశాస్త్ర గ్రంథంలో, నాటకం ఎట్లా ఉండాలో చెప్పడానికి తనే అయిదంకాల నాటకం ఒకటి రాసి పెట్టాడు. నాయకుడు ఎదురుగా సింహాసనం మీదున్న రాజే. అయితే ఆ విద్యానాథుడి బతుకు గురించి మిగిలినవి నాలుగు ముక్కలు కూడా లేవు. షేక్‌స్పియర్ అతని ముందు బోలెడు కాగితాలున్న సంపన్నుడు.

‘క్రీడాభిరామం’ ఇంకా చిక్కు ముడి. గోవింద మంచనశర్మ, టిట్టిభ సెట్టి అనే ఇద్దరు మిత్రులు పొద్దున్నుంచి రాత్రి దాకా ఓరుగల్లు వీధులు తిరుగుతారు. పూటకూళ్లిల్లు, కోడిపందేలు, వీరగాథల పాటలు, మాచల్దేవి చిత్రశాల, ఊరంతా కళ్లకు కడుతుంది. రావిపాటి త్రిపురాంతకుడి సంస్కృత ‘ప్రేమాభిరామం’ దీనికి మూలం, అది దొరకలేదు. గ్రంథం మీద ఉన్న పేరు వినుకొండ వల్లభరాయడిది. వేటూరి ప్రభాకరశాస్త్రి అది శ్రీనాథుడిదే అన్నారు. వాదం తేలలేదు. శైలి చూసి కర్తను పట్టుకోవడం అక్కడా ఇక్కడా ఒకే ఆట, మనవాళ్లు కంప్యూటర్ లేకుండా ఆడారు.

నన్నడిగితే తీయదగ్గ మనిషి వేదం వేంకటరాయశాస్త్రి. 1853లో పుట్టి 1929లో పోయినవాడు, మద్రాసు క్రైస్తవ కళాశాలలో సంస్కృతం చెప్పినవాడు, ఓరుగల్లు వాడు కాడు. అయినా 1897లో ఆయన రాసిన ‘ప్రతాపరుద్రీయం’ ఓరుగల్లును తెలుగువాళ్ల ఊహలో మళ్లీ నిలబెట్టింది. ఢిల్లీకి బందీగా పోయిన రాజును మంత్రి యుగంధరుడు పిచ్చివాడి వేషంలో వెళ్లి విడిపించుకొస్తాడు. శాసనం చెప్పేది వేరు. 1323లో ఓరుగల్లు పడ్డాక ఢిల్లీకి తీసుకుపోతుంటే ప్రతాపరుద్రుడు నర్మద ఒడ్డున పోయాడని ప్రోలయ నాయకుడి విలస తామ్రశాసనంలో ఉంది. శాస్త్రిగారు చరిత్రను ఎందుకు తిప్పారు, ఏ ఐతిహ్యాన్ని పట్టుకున్నారు, నాటకంలోని చాకలి పేరిగాడికి రాజు పోలికలెందుకు పెట్టారు, పాత్రకు తగ్గ మాట పాత్ర నోట పలికించాలని పట్టుబట్టి పండితులతో ఎంత పోరాడారు: ఇదంతా కాగితాల మీద ఉంది, ప్రేమకథ అతికించాల్సిన అవసరం లేదు.

మొదటి ఎపిసోడ్ నాటకం రాయడం దగ్గర కాక రిహార్సల్ దగ్గర ఎత్తుకుంటే బాగుంటుంది. పేరిగాడి వేషం కట్టేవాడు చాకలివాళ్ల మాట పలకలేక తంటాలు పడుతుంటే, పక్కన శాస్త్రిగారు నిలబడి ఒక్కో మాటా దిద్దుతుండాలి. ఆ రిహార్సల్ నా కల్పనే, కాకపోతే ఆయన చేసిన పని నుంచి తీసింది. రచయిత పోయి అరవై ఏళ్లు దాటితే మన చట్టం ప్రకారం రచన అందరిదీ కాబట్టి, నాటకంలోని సంభాషణల్ని ఉన్నవున్నట్టు వాడుకోవడానికి ఎవరి అనుమతీ అక్కర్లేదు.